క్రాంపస్ మాస్క్: మొహం బాగుంది, మోతే లేదు

నల్లగొండలో ఓ ప్రైవేటు బడిలో డ్రాయింగ్ చెప్తాను. క్రిస్మస్ ప్రోగ్రాంలో ఏటా అదే పశువుల పాక, అదే శాంటా. ఈసారి క్రాంపస్ అనే కొమ్ముల రాక్షసుణ్ని దింపుదామని ఈ రబ్బరు మాస్క్ ఆన్‌లైన్‌లో తెప్పించాను. 1,450 రూపాయలు. డిసెంబర్ 4 సాయంత్రం చేతికొచ్చింది. ఆస్ట్రియా, జర్మనీలోని బవేరియా కొండ ఊళ్లలో 5 రాత్రే క్రాంపస్ రాత్రి, కాబట్టి డెలివరీకి ఫుల్ మార్కులు.

డబ్బా తెరవగానే కొత్త సైకిల్ ట్యూబు వాసన గుప్పుమంది. రెండు రోజులు దండెం మీద ఆరేసినా పూర్తిగా పోలేదు. ఎడమ కొమ్ము నలిగి చెవి మీదికి వాలింది. వేడి నీళ్లలో ముంచి, లోపల పాత పేపర్ కూరితే సగం నిలబడింది. రంగులు మాత్రం చక్కగా వేశారు: పళ్ల సందుల్లో పసుపు, గడ్డం దాకా వేలాడే ఎర్ర నాలుక. మా అమ్మ చూసి "గిదేందిరా, బోనాల పోతరాజుకు కొమ్ములు మొలిచినయా?" అంది. తప్పేం లేదు. ఆయన చేతిలో కొరడా, ఈయన చేతిలో బర్చ్ బరికెల కట్ట. సెయింట్ నికొలస్ మంచి పిల్లలకు కానుకలిస్తుంటే, అల్లరోళ్లను బెదిరించడం ఈయన డ్యూటీ. మాట వినకపోతే వీపు మీది బుట్టలో వేసుకుపోతాడట.

డబ్బాలోని చీటీలో మాత్రం "ఐస్‌లాండ్ రాక్షసుడు" అని అచ్చేశారు. అక్కడుండేది గ్రీలా అనే రాక్షసి, ఆమె 13 మంది కొడుకులు, పండక్కి కొత్త బట్టలు లేనోళ్లను తినే పిల్లి. దసరాకు కూడా పాత చొక్కా వదలని మా నాన్న ఆ పిల్లికి ఎప్పుడో దొరికేవాడు.

అసలు లోటు గొలుసు. ప్లాస్టిక్‌ది, ఊపితే తాళంచెవుల గుత్తి అంత చప్పుడు కూడా రాదు. ఆస్ట్రియా, బవేరియావాళ్లు చెక్కిన కొయ్య ముఖాలు, మేక తోళ్లు, గొర్రె తోళ్లు తొడిగి, నడుముకు పెద్ద గంటలు కట్టుకొని వీధుల్లో పరుగెత్తుతారు. మనిషి కనపడకముందే మోత వస్తుంది, బుగులంతా అందులోనే. రిహార్సల్‌లో ఉట్టి మాస్క్‌తో వెళ్తే మూడో తరగతి పిల్లలు "సార్, మీ చెప్పులు గుర్తుపట్టినం" అని నవ్వారు. మర్నాడు నకిరేకల్ దగ్గర మా ఊరి నుంచి ఎడ్ల మెడ గంటలు తెచ్చి కట్టుకొని, వరండాలో లైటు తీయించి నడిచాను. తలుపు దాకా రాకముందే గదంతా గప్‌చుప్.

ముక్కు రంధ్రాలు మరీ చిన్నవి, ఐదు నిమిషాలకే ఊపిరాడదు. కొంటే ముందు బ్లేడుతో పెద్దవి చేసుకోండి, చిన్నపిల్లలకు తొడగకండి. 5కు 3 స్టార్లు. కొమ్ము ఫొటో అమ్మినవాళ్లకు పంపాను. జనవరిలో కొత్తది ఇస్తారట.