సిట్‌కామ్ రచయిత: అమెరికా రైటర్స్ రూమా, బ్రిటన్ ఒంటరి బల్లా?

అమెరికాలో పెద్ద టీవీ నెట్‌వర్క్‌లలో సిట్‌కామ్ (అవే పాత్రలతో సాగే కామెడీ సీరియల్) అంటే చాలాకాలం సీజన్‌కి 22 ఎపిసోడ్ల మాట. ఒక్కరి వల్ల అయ్యే పని కాదది. అందుకే రచయితలంతా ఒకే గదిలో కూర్చుని కథ అల్లుతారు. కొత్తవాళ్లు స్టాఫ్ రైటర్‌గా చేరి, స్టోరీ ఎడిటరై, నిలదొక్కుకుంటే షోరన్నర్ (షో మొత్తాన్ని నడిపించే ప్రధాన రచయిత) దాకా వెళ్తారు. నటీనటులు బల్ల చుట్టూ కూర్చుని స్క్రిప్టు చదివినప్పుడు నవ్వు రాని చోటల్లా పెన్ను పడుతుంది. ఎంతో ఇష్టపడి రాసుకున్న డైలాగు కూడా పోవచ్చు. మీ పేరు పడిన ఎపిసోడ్‌లో సగం జోకులు పక్కవాళ్లవే కావచ్చు. అయినా పని నేర్చుకోవడానికి అంతకు మించిన బడి లేదని నా గట్టి నమ్మకం.

బ్రిటన్‌లో సిరీస్‌కి ఆరు ఎపిసోడ్లు మామూలు. రాసేది ఒకరు, లేదా ఇద్దరు. జాన్ క్లీజ్, కోనీ బూత్ కలిసి రాసిన బ్రిటిష్ సిట్‌కామ్ 'ఫాల్టీ టవర్స్' 1975లో ఆరు, 1979లో ఆరు, మొత్తం 12 ఎపిసోడ్లే. ప్రతి మాటా వాళ్లదే. ఆ గొంతు అంత స్పష్టంగా వినిపించడానికి కారణం అదే. కాకపోతే ఆరు ఎపిసోడ్ల డబ్బుతో ఏళ్లు గడవవు, ఇంకో పని చూసుకోవాల్సిందే.

అమెరికాలోనూ ఇప్పుడు రాబడి భరోసా తగ్గింది. స్ట్రీమింగ్ వచ్చాక సీజన్లు చిన్నవయ్యాయి, గదులూ కుదించుకుపోయాయి. 2023లో రచయితల సంఘం 148 రోజులు సమ్మె చేసి, గదిలో కనీసం ఇంతమంది ఉండాలన్న నిబంధన సాధించుకుంది. కొత్తవాళ్లకి తలుపు తెరిచి ఉండాలంటే అది తప్పనిసరి.