కొలనోస్కోపీ ప్యాకేజీకి డబ్బు కట్టే ముందు ఒక్క నిమిషం

ఎండోస్కోపీ (నోట్లోంచి కెమెరా), కొలనోస్కోపీ (కిందనుంచి పెద్దపేగులోకి కెమెరా), కడుపు సీటీ స్కాన్ మూడూ కలిపి ఆఫర్లో చేస్తామంటే సంబరపడి కట్టేసినవాణ్ణి నేను. ఆ సెంటర్ పేరు రాయను, గుంటూరులో ఉంది. ఇలాంటి బోర్డు మీ ఊళ్లో కూడా ఉండే ఉంటుంది.

నాన్నకు 63 ఏళ్లు. హిమోగ్లోబిన్ 8.6 వచ్చింది. మా ఊరి డాక్టరుగారు ఐరన్ మాత్రలు రాసి, "ఈ వయసులో మగవాళ్లకి ఊరికే రక్తం తగ్గదు, పైనుంచీ కిందనుంచీ కెమెరా వేసి చూపించండి" అన్నారు. ప్యాకేజీ 13,500. తీరా టేబుల్ ఎక్కబోతుంటే మత్తుకి వేరే 2,500 అన్నారు, ముక్క తీస్తే దానికి మళ్లీ వేరేనట. సరే, డబ్బు గొడవ వదిలేద్దాం.

ముందు రోజు కౌంటర్లో పేగు శుభ్రం చేసే పౌడర్ ప్యాకెట్ చేతికిచ్చి, "రెండు లీటర్ల నీళ్లలో కలిపి రాత్రి తాగేయండి" అన్నారు, అంతే. ఏ మాత్రలు వాడుతున్నారని ఒక్కరూ అడగలేదు. ఐరన్ మాత్రలు వేసుకుంటే మలం నల్లగా, జిగటగా మారి పేగు గోడకు అంటుకుంటుందని, వాటిని దాదాపు వారం ముందే ఆపాలని నాకప్పుడు తెలీదు. నాన్న ముందు రోజు మధ్యాహ్నం కూడా గోంగూర పప్పు వేసుకుని సుష్టుగా తిన్నారు. పరీక్ష మర్నాడు పన్నెండింటికి.

రిపోర్టులో కొలనోస్కోపీకి ఒకటే లైను: పెద్దపేగు మొత్తం నార్మల్. సీటీ కూడా నార్మల్. ఊపిరి పీల్చుకున్నాం.

ఐదు నెలలు ఐరన్ మింగాక హిమోగ్లోబిన్ 8.2. ఈసారి విజయవాడలో గ్యాస్ట్రో డాక్టరుగారి దగ్గరికి తీసుకెళ్లాను. ఆయన రిపోర్టు చదవకుండానే పక్కన పెట్టి, "ఫోటోలేవి?" అన్నారు. పెద్దపేగువి రెండే ఉన్నాయి. ఒకదాంట్లో గోధుమరంగు నీళ్లు తప్ప ఏమీ లేదు. కెమెరా పెద్దపేగు చివరిదాకా, అంటే సీకమ్ దాకా వెళ్లిందనడానికి అక్కడి అపెండిక్స్ రంధ్రం, చిన్నపేగు వచ్చి కలిసే కవాటం ఫోటోలో కనిపించాలట. పేగు ఎంత శుభ్రంగా ఉందో చెప్పే బోస్టన్ స్కోరు కూడా ఉండాలట. 9కి ఎంతో వేస్తారు. మా రిపోర్టులో ఈ రెండూ లేవు.

"ఈ సీటీ ఎవరు రాశారు?" అన్నారు తర్వాత. "ప్యాకేజీలో ఉందండీ" అన్నాను. ఆయన నావంక చూసిన చూపు ఇంకా గుర్తుంది. పేగు శుభ్రం చేయకుండా, స్కాన్‌లో స్పష్టంగా కనిపించేందుకు ఇచ్చే కాంట్రాస్ట్ మందు కూడా ఇవ్వకుండా తీసే మామూలు సీటీలో చిన్న పాలిప్, అంటే పేగు లోపలి గోడ మీద పెరిగే చిన్న కండ, దొరకడం కష్టమట. పైగా ఛాతీ ఎక్స్‌రే కన్నా కడుపు సీటీకి రేడియేషన్ ఎన్నో రెట్లు ఎక్కువ.

రెండోసారికి వారం ముందు ఐరన్ ఆపించారు. రక్తం పలచబడే మాత్రలున్నాయా, షుగర్ ఉందా అని అడిగారు. మూడు రోజులు తెల్లన్నం, పెరుగు, ఇడ్లీ మాత్రమే. ఆకుకూరలు, గింజలున్న పళ్లు బంద్. పౌడర్ సగం సాయంత్రం, సగం తెల్లవారుజామున నాలుగింటికి. అంతా రాత్రే తాగేస్తే, పొద్దెక్కేసరికి చిన్నపేగులోంచి దిగే జిగట మళ్లీ కుడివైపు పేగులో చేరుతుందట. నాలుగింటికి నాన్న ముక్కు పట్టుకుని ఒక్కో గ్లాసూ గుటక వేస్తుంటే, నేను ఫోన్ టార్చితో బాత్‌రూమ్ గుమ్మం దగ్గర కాపలా. నీళ్లు లేత పసుపుగా, తేటగా వచ్చాకే బయల్దేరాం.

కుడివైపు పేగులో 12 మిల్లీమీటర్ల పాలిప్ దొరికింది. అప్పటికప్పుడే వైరుతో ఉచ్చు వేసి తీసేశారు. ముక్క పరీక్షలో అడినోమా అని వచ్చింది. క్యాన్సర్ కాదు గానీ, వదిలేస్తే కొన్నేళ్లకు అలా మారే రకం.

ఎంత మంచి డాక్టరు చేసినా కొన్ని పాలిప్‌లు తప్పిపోతాయి, దానికి నేనెవర్నీ తిట్టను. పేగు శుభ్రంగా లేదు, మళ్లీ రండి అని రాసుంటే మర్నాడే వెళ్లేవాళ్లం. నార్మల్ అని రాశారు, నా కోపమంతా దానికే.

అందుకని కట్టే ముందు అడగండి: పరీక్ష చేసేది గ్యాస్ట్రో డాక్టరేనా, సీకమ్ ఫోటో ఇస్తారా, స్కోరు రాస్తారా, మత్తు, ముక్క తీసి చేసే పరీక్ష (బయాప్సీ) కలిపి ఎంత అని. వాడే మాత్రల చీటీ వాళ్లు అడక్కపోయినా మీరే చూపించండి. సీటీ ఎందుకో చెప్పలేకపోతే అది వద్దనండి. నేను ఆ సెంటర్‌కి మళ్లీ వెళ్లి మిగతా ఫోటోలు అడిగితే, "రిపోర్టు ఇచ్చేశాం కదండీ, సిస్టమ్‌లో ఉంచం" అన్నారు.

నాన్నని మూడేళ్లకి మళ్లీ రమ్మన్నారు. ఈసారి ఫోటోలన్నీ నా ఫోన్లో ఉన్నాయి.