వంజంగి మబ్బు బొంత: అంచు చూసి కొనండి

పాడేరు నుంచి వంజంగి కొండకు పోయే దారిలో, జీపులు ఆగే చోటికి కాస్త ఇవతల ఉంటుంది ఈ మబ్బునేత దుకాణం. బోర్డు లేదు. తెల్లవారుజామున 4 గంటలకు తలుపు తీస్తారు, ఎండ లోయలోకి దిగగానే మూసేస్తారు. అమ్మేది బొంత, ఓణీ, నల్లశాలువా, గొడుగు. వీటిలో డబ్బు పెట్టదగింది బొంత ఒక్కటే.

చలికాలం రాత్రిళ్లు నేల చల్లబడి లోయ నిండా మబ్బు కట్టుకుంటుంది. గాలి కదలదు కాబట్టి పీచు పొడుగ్గా వస్తుంది. దాన్ని వలేసి పట్టకూడదు. దారానికి తగిలిన చుక్కలు ఒకదాంట్లో ఒకటి కలిసి కారిపోతాయి. చిలీ, మొరాకో కొండల్లో జనం పొగమంచుకు వలలు కట్టి తాగునీళ్లు పట్టుకునేది అలాగే. ఇక్కడ కావలసింది నీళ్లు కాదు, మబ్బు. అందుకే వెదురు చట్రాన్ని మెల్లగా తిప్పుతూ మబ్బును చుట్టి, ఆ పైన వాలుగ చేప దవడతో దువ్వుతారు. పొందూరులో పత్తి దువ్వేది కూడా ఆ దవడతోనే. ఇనుప దువ్వెన పెడితే చల్లటి పళ్లకు నీరు పట్టేసి సగం సరుకు అక్కడే పోతుంది.

ఆరడుగుల బొంతలో ఉండే నీరు 200 గ్రాములు. లోయ మబ్బులో ఘనపు మీటరుకు పావు గ్రాము నీరు ఉందనుకున్నా, 800 ఘనపు మీటర్ల మబ్బు చుట్టాలి. అంటే 480 గజాల స్థలంలో రెండు మీటర్ల ఎత్తున నిండిన మబ్బంతా ఒక్క బొంతకే సరి. అంత పనికి 1,800 రూపాయలు ఎక్కువేమీ కాదు. అయితే తూకం వేయించుకోండి. 250 గ్రాములు దాటిందంటే నీళ్లు చిలకరించినట్టే. తేమ 12 శాతం దాటిన పత్తిని ప్రభుత్వ పత్తి కొనుగోలు సంస్థ సీసీఐ కొనదని రైతులకు తెలుసు. బొంత కొనేవాళ్లు కూడా అంత గట్టిగానే ఉండాలి.

అసలు పనితనమంతా అంచులో ఉంది. మబ్బు పలచబడేది అంచు నుంచే. పొడిగాలి అక్కడే చొరబడి చుక్కల్ని ఆవిరి చేస్తుంది. మంచి బొంతకు నాలుగు వైపులా రెండు వేళ్ల వెడల్పున మబ్బును లోపలికి మడిచి, మెత్తగా నూరిన నౌపడ ఉప్పు పట్టిస్తారు. గాలిలో తేమ 75 శాతం ఉంటే చాలు, ఉప్పు నీటిని పట్టి ఉంచుతుంది. ఉప్పు లేని మబ్బుకు నూటికి నూరూ కావాలి. కొనేముందు అంచుకు నాలుక ఆనించండి. ఉప్పగా తగలకపోతే ఆ బొంత ఇల్లు చేరేలోపే సగమవుతుంది. చూసిన ఆరు బొంతల్లో రెండింటికి ఒక పక్క ఉప్పు వేయడం మరిచారు. అడిగితే అక్కడికక్కడే వేసిచ్చారు, విసుక్కోలేదు.

నల్లశాలువా జోలికి మాత్రం పోకండి. కారుమబ్బు నలుపు రంగు కాదు, మందం. పైనుంచి వెలుగు కిందికి దిగలేక అలా కనిపిస్తుంది. శాలువా మందాన కోస్తే ఏ మబ్బయినా తెల్లగానే ఉంటుంది. వీళ్లు అమ్మేది మసి కలిపిన లోయ మబ్బు. చేత్తో రుద్దితే వేలికి అంటుతుంది. దానికి 600 రూపాయలు పెట్టడం దండగ.

ఓణీని ఈకమబ్బుతో చేశామంటారు. ఈకమబ్బు ఆరు కిలోమీటర్లకు పైన ఉండే మంచు పలుకుల మబ్బు. దీపం ముందు ఓణీ పట్టి చూస్తే నిజం తెలిసిపోతుంది. మంచు పలుకులైతే దీపం చుట్టూ దూరంగా, చాచిన చేతిలో బొటనవేలి నుంచి చిటికెన వేలి దాకా ఉన్నంత ఎడంలో వలయం పడుతుంది. నీటి చుక్కలైతే దీపాన్ని అంటిపెట్టుకుని చిన్న రంగుల గుడి కడుతుంది. ఇక్కడి ఓణీలన్నీ గుడే కట్టాయి. చూడ్డానికి బాగుంటాయి, కాదనం. ఆ పేరుతో ఆ ధర చెప్పడమే బాగాలేదు.

గొడుగు సంగతి చెప్పేదేముంది, లోపల కూడా వాన పడుతుంది.

బొంతను మడతపెట్టొద్దు, చాపలా వదులుగా చుట్టండి. మడత దగ్గర చుక్కలు ఒకదాన్నొకటి మింగి బరువెక్కుతాయి. పది లక్షల మబ్బు చుక్కలు కలిస్తే ఒక వాన చినుకు. అది రాత్రి మంచం మీద పడితే తిట్టుకోవాల్సింది నేతగాడిని కాదు. పగలు తడి గోనెపట్టా మీద, కిటికీకి దూరంగా పరచండి. ఏసీ గదిలో వద్దు, ఏసీ గాలిలో తేమ లాగేస్తుంది. కాకినాడ, విశాఖ ఇళ్లలో నాలుగు నెలలు మన్నుతుంది. కర్నూలు, రెంటచింతల వైపు మార్చి వస్తే ఆశ వదులుకోవడమే.

పలచబడ్డాక బొంతను తీసుకెళ్తే 300 రూపాయలకు మళ్లీ నింపిస్తారు. ఫిబ్రవరి దాటాక వెళ్తే లోయలో మబ్బు లేదంటారు. ఆ మాట మాత్రం నిజమే, బేరం ఆడకండి.