సన్ని యకుమా, గమ్మడువ: ఒకటి మనిషికి, ఇంకోటి ఊరికి
శ్రీలంకలోని సింహళ పల్లెల్లో తెల్లవార్లూ జరిగే ఈ రెండు తంతులూ కొత్తగా చూసేవాళ్లకి ఒకేలా అనిపిస్తాయి, అవే డోళ్లు, అవే దివిటీలు. కానీ సన్ని యకుమా అంతా రోగి చుట్టూనే. చెవిటితనానికి బిహిరి, గుడ్డితనానికి కణ, ఇలా 18 సన్ని (అంటే రోగాల) దయ్యాలు కదురు అనే చెట్టు చెక్కతో చేసిన మాస్కులతో ఒక్కొక్కటే దూకుతాయి, డోలు వాయించేవాడు వాటితో వెటకారాలాడి జనాన్ని నవ్విస్తాడు, చివరికి బుద్ధుడి ఆజ్ఞ అనగానే కానుక పుచ్చుకుని బుద్ధిగా వెళ్లిపోతాయి. రోగానికి ఒక మొహం తగిలించి దాన్ని చూసి పదిమంది నవ్వితే సగం టెన్షన్ అక్కడే దిగిపోతుంది, నాకు నచ్చేది అదే.

గమ్మడువ మాత్రం ఊరుమ్మడి వ్యవహారం. కోతలయ్యాక పందిరి వేసి ‘పత్తిని’ అనే దేవతకి (తమిళుల కణ్ణగి ఈవిడే) కొత్త పంట పెడతారు, కొన్నిచోట్ల నిప్పులు కూడా తొక్కుతారు. వానలు పడాలి, అంటురోగాలు రాకూడదు, అంతే.