రివేరా ఆత్మకథా, మ్యూరల్స్ బొమ్మల పుస్తకమా?

మెక్సికన్ మ్యూరల్స్ (గోడల మీద వేసే పెద్ద బొమ్మలు) మీద ఒక్క పుస్తకమే కొనాలంటే ఏది? డియెగో రివేరా చెబుతుంటే గ్లాడిస్ మార్చ్ రాసుకున్న ఆత్మకథ (1960) ఒకటి. రివేరా, ఒరోస్కో, సికేరోస్ అనే ముగ్గురు మెక్సికన్ మ్యూరల్ చిత్రకారులనీ కలిపి చూపించే పెద్ద సైజు బొమ్మల పుస్తకం ఇంకొకటి.

ఖర్చు: ఆత్మకథ పేపర్‌బ్యాక్, చవక. బొమ్మల పుస్తకం పోస్టేజీతో కలిపి జేబుకు చిల్లే, సెకండ్ హ్యాండ్‌లో దొరికితే వదలొద్దు.

శ్రమ: మొదటిది రెండు మూడు రాత్రుల్లో అయిపోతుంది. రెండోదానికి 1910 మెక్సికో విప్లవం గురించి కాస్త తెలిసుండాలి.

రిస్క్: అసలు తిరకాసు ఇక్కడే. రివేరా కోతలు మామూలుగా ఉండవు, కుర్రతనంలో మనిషి మాంసం తిన్నానని కూడా చెప్పేశాడు మహానుభావుడు, కాబట్టి న్యూయార్క్ రాక్‌ఫెల్లర్ సెంటర్‌లో తను వేసిన మ్యూరల్‌లో లెనిన్ బొమ్మ పెట్టినందుకు మొదలై 1934లో మ్యూరల్‌నే పగలగొట్టేదాకా వెళ్లిన గొడవ అతని నోట వింటే మజాగానే ఉంటుంది గానీ ఇంకోచోట సరిచూసుకోవాలి. బొమ్మల పుస్తకంలో చిక్కు వేరు: మెక్సికోలోని గ్వాడలహారాలో ఒరోస్కో గుమ్మటంలో వేసిన మండే మనిషిని తలెత్తి చూడాలి, పేజీలో అది అరచేయంత.

కథలు ఇష్టమైతే ఆత్మకథ. బొమ్మలేసేవాళ్లకీ, ఒరోస్కో కూడా కావాలనేవాళ్లకీ నేనైతే రెండోదే అంటా.