రంగస్థలమా, సినిమానా? 1930ల ఇస్తాంబుల్ నటుడి ముందున్న దారులు

తలుపులు రెండు, తాళంచెవి మాత్రం ఒక్కరి దగ్గరే. 1927 నుంచి ఇస్తాంబుల్ నగర నాటకశాల దారుల్‌బెదాయిని నడిపింది దర్శకుడు ముహ్సిన్ ఎర్తుగ్రుల్. 1922 నుంచి 1939 దాకా టర్కీలో వచ్చిన సినిమాలూ దాదాపు అన్నీ ఆయన తీసినవే. ఆయనతో చెడితే రెండు చోట్లా కష్టమే.

పని: నాటకం సీజనంతా ఉంటుంది. సినిమా ఎక్కువగా నాటకశాల మూసిన వేసవిలో, ఏడాదికి ఒకటో రెండో.

శ్రమ: వేదిక మీద చివరి వరుసదాకా గొంతు వినిపించాలి. అదే గొంతు, అవే చేతులూపులు కెమెరా ముందు అతిగా కనిపిస్తాయి. అప్పటి సినిమాల్లో నాటకం వాసన పోకపోవడానికి కారణం ఇదేనని నాకనిపిస్తుంది.

రిస్క్: ఆడవాళ్లకు ఇది వేరే లెక్క. ముస్లిం స్త్రీలు వేదికెక్కకూడదన్న రోజులవి; 1920లో ఎక్కిన ముస్లిం యువతి అఫీఫె జాలె, పోలీసులు వస్తే వెనక తలుపు నుంచి తప్పించుకోవాల్సి వచ్చింది. చివరికి ఉద్యోగమే పోయింది. తలచుకుంటే ఇప్పటికీ బాధేస్తుంది. మూడేళ్లకే, 1923లో, ముస్లిం నటీమణులు బెదియా మువహ్హిత్, నెయ్యిరె నెయిర్ ‘అతెష్తెన్ గోమ్లెక్’ సినిమాలో నటించారు.

పేరు: ఇక్కడ సినిమాదే పైచేయి. నాటకశాల నుంచే వచ్చిన జాహిదె సోంకు 1935 నాటి సినిమాతో స్టార్ అయింది, 1950లో సొంత సినిమా సంస్థ పెట్టింది. 1981లో పేదరికంలో చనిపోయింది.

ఇల్లు గడవాలి, విద్య నేర్చుకోవాలి అనుకునేవాళ్లకు నాటకశాలే మేలు. అక్కడ చోటు దొరికాక, వేసవి ఖాళీలో ముఖం ఊరూరా తెలియాలంటే సినిమా. నాటకశాల వదిలి సినిమానే నమ్ముకోవడం మాత్రం, 1939కి ముందు, నేనైతే ఎవరికీ చెప్పను.