కేరళా, క్రొయేషియానా?
అమలాపురం దగ్గర వరి కోసిన మళ్లలో బంతి తన్నే మా మేనకోడలి ముందు రెండు దారులున్నాయి. ఒకటి మన దేశపు మహిళల ఫుట్‌బాల్ పోటీ, ఇండియన్ విమెన్స్ లీగ్: గోకులం కేరళ వంటి క్లబ్బులు, అలవాటైన అన్నం, రాజమండ్రిలో రైలెక్కి చేరగల దూరం. కానీ సీజను కొన్ని నెలలే. మిగతా ఏడాదికి మరో ఆసరా కావాలి. భారత జట్టుకు ఆడిన బాలాదేవి అంతటి క్రీడాకారిణికీ మణిపూర్ పోలీసు ఉద్యోగం ఉండేది.

రెండోది యూరప్. 2020లో అదే బాలాదేవి స్కాట్లాండ్‌లో, గ్లాస్గోలోని రేంజర్స్ క్లబ్బుకు వెళ్లింది. 2022లో తెలంగాణ అమ్మాయి గుగులోతు సౌమ్య క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్‌లో చేరింది. అక్కడ ప్రత్యర్థులు గట్టివాళ్లు. చలి, ఒంటరితనం, బెంచీ మీద నిరీక్షణ కూడా తప్పవు.

నేనైతే ముందు లీగే అంటాను. ఆ పిల్ల అప్పుడే స్వెట్టర్ అడుగుతోంది.